కథలోంచి తీసేసిన ఒడిబియ్యం

ఇప్పుడు నేను మాట్లాడితే చప్పట్లు పడవు. మీటింగు అయిపోయాక ఒకరిద్దరు ఆడవాళ్ళు చెప్పులు విడిచిన చోట నిలబడి నా కోసం చూస్తుంటారు. ఒకావిడ ఆ గోడ ఎంత ఎత్తుండేదని అడుగుతుంది. ఇంకొకావిడ దూకేటప్పుడు కాళ్ళకు చెప్పులున్నాయా అని అడుగుతుంది. గోడ నా భుజాల దాకా ఉండేదనీ, పక్కన నీళ్ళ డ్రమ్ము ఉండేదనీ, చెప్పులు లేవనీ చెప్తాను. వాళ్ళు తల ఊపి, కొంగు సర్దుకుని వెళ్ళిపోతారు.

ఒకప్పుడు నా కథకు చప్పట్లు మోగేవి. ఒక ఊళ్ళో ఈలలు కూడా వేశారు. అట్లా చప్పట్లు కొట్టించుకున్న కథే ఒక ఆడమనిషి దవడ విరగ్గొట్టింది. రాడ్డు పట్టుకున్నది ఆమె మొగుడే, కాదనను. కానీ అతన్ని రెచ్చగొట్టిన మాట ఆమె నోట్లో పెట్టింది నేను.

మొదటినుంచీ చెప్తాను.

బళ్ళారి కౌల్ బజారులో జీన్సు ప్యాంట్లు కుట్టే సందు ఒకదాంట్లో నా కాపురం. నా మొగుడు మిషను మీద కుట్టేవాడు. కుట్టినవాటికి వేలాడే దారాలు కత్తిరించి, ఇస్త్రీ చేసి, కట్టలు కట్టడం నా పని. ముందు గదిలో మిషను, వెనక గదిలో పొయ్యి, దాని వెనక దొడ్డి. సందులో ఆటోలూ బైకులూ ఒకదాన్నొకటి ఒరుసుకుంటూ హారన్లు కొడుతుంటే ఇంట్లో ఎవరు అరిచినా బయటికి వినపడదు. విన్నవాళ్ళు కూడా విననట్టే ఉండేవాళ్ళు, అది వేరే సంగతి.

అతనికి అనుమానం జబ్బు. కట్టలు ఎత్తుకుపోవడానికి వచ్చే ఆటో డ్రైవరు మీద అనుమానం, దారం రీళ్ళు అమ్మే అతని మీద అనుమానం. చివరికి ఎదురింటి అరుగు మీద రోజంతా కునికే డెబ్బై దాటిన ముసలాయన మీద కూడా. పాపం ఆయనకు నా ముఖం కనిపించేదో లేదో. ఇప్పుడు నవ్వుతూ రాస్తున్నాను గానీ అప్పుడు నవ్వు రాలేదు.

మొదటిసారి చెవి మీద కొట్టాడు. ఒక్కటే దెబ్బ, అరచేయి పూర్తిగా చాపి. ఆ ఎడమ చెవిలో ఇప్పటికీ గాలి వీస్తున్నట్టు ఒకటే హోరు. రెండోసారి పడేసి డొక్కలో తన్నాడు. ఎముక చిట్లిన చప్పుడు నాకే వినిపించింది. మూడోసారి నా ఎడమచేయి మణికట్టు పట్టుకుని మిషను సూది కిందికి లాగి, పెడల్ తొక్కాడు. జీన్సు కుట్టే సూది లావుగా ఉంటుంది. చూపుడువేలి గోట్లోంచి దిగి ఎముకను తాకి విరిగింది. సగం ముక్క లోపలే ఉండిపోయింది. నేను నేల మీద పడి వేలు పట్టుకుని అరుస్తుంటే అతను విరిగిన సూది తీసి, కొత్తది ఎక్కించి, ఆగిపోయిన ప్యాంటు మళ్ళీ కుట్టడం మొదలుపెట్టాడు. కట్ట సాయంత్రానికి ఇవ్వాలి మరి.

ప్రతిసారీ నేను పోయింది అమ్మ దగ్గరికే. అమ్మ సిరుగుప్ప వైపు పల్లెలో ఒక్కతే ఉంటుంది, వరినాట్లకు పోతుంది. నన్ను చూడగానే గుండెలు బాదుకుని ఏడ్చేది. వాణ్ణి తిట్టిన తిట్లు ఇక్కడ రాస్తే కాగితం కాలిపోతుంది. పసుపు కాచి పట్టేసేది, గంజి తాగించేది. వారం పది రోజులకు అతను ఇద్దరు పెద్దమనుషుల్ని వెంటబెట్టుకుని వచ్చేవాడు. తల వంచుకుని నిలబడేవాడు. తప్పైపోయిందనేవాడు. పెద్దమనుషులు కాఫీ తాగి, ఆడది కొంచెం సర్దుకోవాలని చెప్పి పోయేవాళ్ళు. ఆ మర్నాడు అమ్మ నాకు ఒడి నింపేది.

మా ఇళ్ళల్లో కూతుర్ని అత్తారింటికి పంపేటప్పుడు ఒడిబియ్యం పోస్తారు. పిల్లను తూర్పు ముఖంగా పీట మీద కూర్చోబెట్టి, కొంగు చాపమని, పసుపు కలిపిన బియ్యం ఐదు దోసిళ్ళు తల్లి ఆ కొంగులో పోస్తుంది. ఎండుకొబ్బరి, ఆకు వక్క, పసుపు కొమ్ము, ఒక రవికె గుడ్డ పెడుతుంది. దాన్ని మూటగా నడుముకు కట్టుకుని బయలుదేరాలి. ఒడి నిండాక ఆ రోజు పుట్టింట్లో పడుకోకూడదు, దారిలో మూట విప్పకూడదు. అత్తారింటి గడప దాటాకే విప్పి, ఆ బియ్యం ఆ ఇంటి పొయ్యి మీదే వండాలి. మంచి ఆచారమే. నా పెళ్ళికి అమ్మ ఒడి నింపినప్పుడు ఆ బరువు నాకెంతో నచ్చింది. తన్నులు తిని వచ్చినప్పుడల్లా కూడా అదే బియ్యం, అదే పీట. మూడోసారి వేలికి కట్టు ఉండి కొంగు పట్టుకోలేకపోతే అమ్మే రెండు కొసలూ పట్టి ముడి వేసింది.

"రోట్లో తల పెట్టినాక రోకటి పోటుకి భయపడితే ఎట్లమ్మా," అంది ముడి వేస్తూ. అంటున్నప్పుడు ఏడుస్తూనే ఉంది.

నాలుగోసారి మధ్యాహ్నం. అన్నం తినడానికి కూర్చున్నవాడు ఫోను మోగితే నాకంటే ముందు ఎత్తాడు. అవతల ఆటో డ్రైవరు, కట్టలు సిద్ధమా అని అడుగుతున్నాడు. ఫోను గోడకేసి కొట్టి లేచాడు. ఇస్త్రీ పెట్టె బల్ల మీద వేడిగా ఉంది. నేను గోడవైపు తిరిగేలోపల జుట్టు పట్టుకుని వంచి, వీపు మీద పెట్టి అదిమాడు. ప్యాంటు మడత అణిచేటప్పుడు ఎట్లా అదుముతారో అట్లాగే, బరువంతా వేసి. ముందు రవికె కాలిన వాసన వచ్చింది, ఆ తర్వాత నా వాసన వచ్చింది. ఆ రవికె మూడోసారి ఒడిలో అమ్మ పెట్టిన గుడ్డతో కుట్టించుకున్నదే. నైలాను కలిసిన గుడ్డ కరిగి చర్మానికి అంటుకుపోయింది. ఆస్పత్రిలో దాన్ని రోజూ కొంచెం కొంచెంగా ఊడదీశారు.

అప్పుడు నేనేం మాట్లాడాను? ఏమీ మాట్లాడలేదు. ఇది గుర్తు పెట్టుకోండి, ముందు ముందు అవసరం. అరుపు కూడా రాలేదు. బయట ఎవరో పిలిస్తే అతను పెట్టె పక్కన పెట్టి ముందు గదిలోకి పోయాడు. నేను దొడ్లోకి పోయి, నీళ్ళ డ్రమ్ము ఎక్కి, గోడ దూకాను. అవతలి వైపు మురికి కాలవలో పడ్డాను. లేచి పరిగెత్తాను. బస్టాండుకు పోతే అమ్మ ఊరి బస్సు దొరికేది. పోలేదు. అమ్మ దగ్గరికి పోతే పసుపు పట్టేస్తుంది, ఏడుస్తుంది, పది రోజులకు పీట వాలుస్తుంది. ఆ పీట తలచుకుంటే నాకు ఇస్త్రీ పెట్టె కంటే ఎక్కువ భయం వేసింది. ఆటో ఎక్కి పెద్దాస్పత్రికి పోయాను. కేసు అక్కడే రాశారు. ఇప్పటికీ నడుస్తోంది.

ఒక మహిళా సంస్థ మేడం ఆస్పత్రిలోనే పరిచయం అయింది. కన్నడావిడ, తెలుగు బాగానే మాట్లాడుతుంది. మంచి మనిషి. నాకు గది చూపించింది, వేరే దుకాణంలో దారాలు కత్తిరించే పని ఇప్పించింది. వీపు మానాక ఒకరోజు, ఊళ్ళల్లో మీటింగులు పెడుతున్నాం, నీ కథ నువ్వే చెప్తావా అని అడిగింది. అనుభవించినవాళ్ళు చెప్తే పోస్టరు చెప్పని సంగతి జనానికి ఎక్కుతుందంది. ఒప్పుకున్నాను. నాకూ ఎవరికైనా చెప్పాలని ఉండేది.

మొదటి మీటింగు సండూరు దగ్గర తారానగర్‌లో. వచ్చిన వాళ్ళ చెప్పులన్నీ గని దుమ్ముతో ఎర్రగా ఉన్నాయి. నేను ఉన్నదున్నట్టు చెప్పాను. చెవి, డొక్క, వేలు, వీపు, మధ్య మధ్య ఒడిబియ్యం. ఒడిబియ్యం దగ్గరికి వచ్చేసరికి హాలు బిగుసుకుపోయింది. ముందు వరసలో ఒక పెద్దావిడ లేచింది. తల్లిని బజారుకీడ్చే కూతురు మాకొద్దంది. ఆమె వెనక ఇంకో పదిమంది లేచారు. ఫోటో దిగడానికి కూడా మనుషులు మిగల్లేదు.

తిరిగి వచ్చేటప్పుడు జీపులో మేడం మెల్లగా చెప్పింది. ఒడి నింపడం అందరి ఇళ్ళల్లో ఉన్న ఆచారం, దాన్ని ముట్టుకుంటే తల్లులు మనకు ఎదురు తిరుగుతారు, ఆ ముక్క వద్దంది. గోడ దూకడం కూడా వద్దంది. దొంగలా పారిపోయినట్టుంది, వినేవాళ్ళకు ధైర్యం రాదు అంది.

"ఓడిపోయిన కథ చెప్తే ఎవరమ్మా లేచి నిలబడేది?" అంది.

నాకూ సబబుగానే తోచింది. నా పనే అది కదా, ప్యాంటుకు వేలాడే దారాలు కత్తిరించి నున్నగా చేసి కట్ట కట్టడం. ఇద్దరం కూర్చుని కథను నున్నగా చేశాం. మూడుసార్లు అమ్మ దగ్గరికి పోవడం పోయింది. గోడ పోయింది, మురికి కాలవ పోయింది. వాటి బదులు ఒక మాట వచ్చింది. ఇస్త్రీ పెట్టె పట్టుకున్న మొగుడి కళ్ళల్లోకి చూసి నేను అన్నానట: "ఇన్నొందు సల కై ఎత్తు, నోడ్తీని." ఇంకోసారి చెయ్యెత్తు, చూస్తా అని. అతను తల వంచుకున్నాడట. నేను ముందు గుమ్మంలోంచి నడిచి బయటికి వచ్చానట. మాట మేడం రాసింది. తల వంచుకోవడం మాత్రం నేనే కలిపాను. ఎవరి మీద నెట్టను.

చెప్పేవాడికి వినేవాడు లోకువ అంటారు. స్టేజీ ఎక్కితే గానీ అదెంత నిజమో తెలియదు. రెండో మీటింగులో ఆ మాట అనగానే చప్పట్లు. మూడో ఊళ్ళో ఈలలు. ఎక్కడ ఆగాలో, ఎక్కడ కొంగు భుజం మీంచి జార్చి మచ్చ కనబడేలా తిరగాలో నాకు అలవాటైపోయింది. మేడం వాళ్ళు నలభై సెకన్ల వీడియో చేశారు, వెనక తబలా మోత పెట్టి. అది ఫోన్లలో తిరిగింది. బజార్లో నన్ను ఆపి పులి అని పలకరించేవాళ్ళు. నాకు బాగుండేది. నాలుగేళ్ళు తన్నులు తిన్న మనిషికి పులి అని పిలిపించుకోవడం ఎంత బాగుంటుందో మీకు చెప్పలేను.

అమ్మకు అందరికంటే సంతోషం. వరిమడి గట్టు మీద కూర్చుని నాట్లు వేసే ఆడవాళ్ళందరికీ ఆ వీడియో చూపించేది. అందులో పీట లేదు, బియ్యం లేవు, తను లేదు. తన కూతురు సింహంలా మాట్లాడి ముందు గుమ్మంలోంచి బయటికి వచ్చిందని అమ్మ నిజంగానే నమ్మింది. వీపు కాలాక నా దగ్గరికి ఎందుకు రాలేదే అని ఒక్కసారి అడిగింది. ఆస్పత్రి దగ్గర కదా, అందుకని, అన్నాను.

దేశనూరు మీటింగుకు చాలామందే వచ్చారు. రెండో వరసలో ఒక పిల్ల కొంగు నోటికి అడ్డం పెట్టుకుని కూర్చుంది. ఇరవై రెండు ఇరవై మూడేళ్ళు ఉంటాయి. కొంగు జారినప్పుడు చూశాను, కింది పెదవి వాచి పగిలి ఉంది. పక్కన తల్లి. మీటింగయ్యాక ఆ పిల్ల వచ్చి, అక్కా ఆ మాట మళ్ళా ఒకసారి చెప్తావా అని అడిగింది. చెప్పాను. పెదవులు కదిలించుకుంటూ నేర్చుకుంది. మొగుడు పక్క ఊళ్ళో ట్రాక్టరు తోలుతాడట. కొట్టి పంపితే వారం నుంచీ పుట్టింట్లో ఉందట. తల్లి నా చేతులు పట్టుకుని, నువ్వు చెప్పినాక నా బిడ్డకి ధైర్యం వచ్చిందమ్మా, ఇంగ పంపించేదానికి నాకు భయం లేదు, అంది. పంపడం అన్న మాట వినగానే నాకు లోపల ఏదో గుచ్చుకుంది. ఒడి నింపి పంపుతావా అని అడగాల్సింది. జీపు హారను కొడుతోంది. నవ్వి, తల నిమిరి, వచ్చి ఎక్కి కూర్చున్నాను.

రెండు వారాలకు మేడం ఫోను చేసి పెద్దాస్పత్రికి రమ్మంది. ఆడవాళ్ళ వార్డులో కిటికీ పక్క మంచం మీద ఆ పిల్ల ఉంది. ముందు నేను గుర్తుపట్టలేదు. ముఖం ఒకవైపు ఉబ్బి కన్ను మూసుకుపోయింది. దవడకు కట్టు. పై పళ్ళు నాలుగు లేవు. కుడిచేయి మోచేతి కింద రెండు చోట్ల విరిగిందని పలక వేశారు. తల మీద జుట్టు గొరిగి కుట్లు వేశారు. తల్లి చెప్పింది జరిగిన సంగతి. పొద్దున ట్రాక్టరు తీయబోతూ టిఫిను ఆలస్యమైందని చెయ్యెత్తాడట. ఈ పిల్ల లేచి నిలబడి, కళ్ళల్లోకి చూసి, ఆ మాట అన్నదట. వాడు ఒక్క క్షణం ఆగాడట. బయటికి పోయి, ట్రాక్టరు సీటు కిందినుంచి జాకీ రాడ్డు తీసుకుని లోపలికి వచ్చాడట. మొదటి దెబ్బ నోటి మీదే కొట్టాడు. చెయ్యి అడ్డం పెడితే చెయ్యి మీద. పడిపోయాక తల మీద. ఏదీ మళ్ళా చెప్పు, మళ్ళా చెప్పు అంటూ కొట్టాడట. డాక్టరు అడిగితే మిద్దె మీంచి పడ్డానని చెప్పింది ఆ పిల్ల.

నేను మంచం అంచున కూర్చున్నాను. ఆమె ఎడమచేత్తో నా చేయి వెతికి పట్టుకుంది. దవడ కదలడం లేదు, మాట కట్టు కిందినుంచి గాలిలా వస్తోంది. వంగి నా కుడి చెవి పెట్టాను, అదే బాగా వినిపించే చెవి.

"నువ్వు సెప్పినట్లే సెప్తినక్కా," అంది. "ఆయప్ప తల వంచలా." కాసేపు ఊపిరి తీసుకుంది. "నాకి కన్నడ సరిగ్గా రాదు గదా. తప్పు సెప్పినానేమో."

బయటికి పోయి వరండా మూల కుళాయి దగ్గర వాంతి చేసుకున్నాను. నా మొగుడి మీద కూడా అంత అసహ్యం పుట్టలేదు ఎప్పుడూ, అప్పుడు నా మీద నాకు పుట్టినంత.

వరండాలో మేడం నా వీపు నిమిరింది. ఆమె కళ్ళు కూడా ఎర్రగా ఉన్నాయి. మందులన్నీ ఆమే తెప్పించింది. అదయ్యాక, ఈ పిల్ల కొంచెం కోలుకున్నాక చిన్న వీడియో తీద్దాం, కట్లతో ఉండగానే అయితే జనానికి తగులుతుంది, అంది. నేను ఆస్పత్రి అని కూడా చూడకుండా గొంతు లేపాను. ఇంకెన్ని దవడలు కావాలి మనకు అని అడిగాను. ఆ మాట నువ్వు రాశావు, తల వంపు నేను కలిపాను, రాడ్డుకు మనిద్దరి చేతులూ తగిలాయి అన్నాను. మేడం గోడకు ఆనుకుని నిలబడింది. ఆ వీడియో తీసేయమని ఆఫీసుకు ఫోను చేసింది. తీసేశారు గానీ, ఫోన్ల నిండా ఉన్నదాన్ని ఎవరు తీస్తారు?

మూడు వారాలకు ఆ పిల్లను ఆస్పత్రి నుంచి పుట్టింటికి పంపారు. ఒక శుక్రవారం తల్లి నాకు ఫోను చేసింది. పెద్దమనుషులు వచ్చిపోయారట. అల్లుడు కాళ్ళు పట్టుకున్నాడట. ఆదివారం మంచిరోజు, ఒడి నింపి పంపిస్తాం, నువ్వు కూడా వచ్చి నా బిడ్డకి నాలుగు మాటలు చెప్పమ్మా అంది. ఆమె గొంతులో మోసం లేదు. నిజంగానే పిలిచింది.

శనివారం పని మానేసి అమ్మ ఊరికి పోయాను. అమ్మ గుమ్మంలో కూర్చుని కందిపప్పులో రాళ్ళు ఏరుతోంది. ఎదురుగా కూర్చుని మొత్తం చెప్పాను. వీడియోలో మాట అబద్ధమని చెప్పాను. నేను నోరు కూడా ఎత్తలేదనీ, డ్రమ్ము ఎక్కి దూకాననీ చెప్పాను. ఆస్పత్రి దగ్గరని పోలేదమ్మా, నీ దగ్గరికొస్తే మళ్ళీ ఒడి నింపుతావని పోయాను, అన్నాను. అమ్మ చేతులు చేటలో ఆగిపోయాయి. నన్ను తిడుతుందనుకున్నాను, ఏడుస్తుందనుకున్నాను. రెండూ చేయలేదు. చాలాసేపటికి మళ్ళీ రాళ్ళు ఏరడం మొదలుపెట్టింది. పప్పంతా అయ్యాక చేట పక్కన పెట్టి, దేశనూరుకి పొద్దన బస్సు ఎన్నింటికి ఉండాది అని అడిగింది.

మేం పోయేసరికి పీట వాల్చి ఉంది. ఆ పిల్లను తూర్పు ముఖంగా కూర్చోబెట్టారు. కుడిచేయి పలకలో ఉంది కాబట్టి ఎవరో ఒకామె కొంగు రెండో కొస పట్టుకుంది. ఇత్తడి పళ్ళెంలో పచ్చటి బియ్యం. ఇరుగుపొరుగు ఆడవాళ్ళు ఐదారుమంది ఉన్నారు. బయట నీడలో ట్రాక్టరు ఆగి ఉంది, అల్లుడు దాని మీదే కూర్చుని ఫోను చూసుకుంటున్నాడు. తల్లి మొదటి దోసిలి పోసింది. రెండోది పోసింది.

నేను మొదలుపెట్టాను. ఈసారి కన్నడం లేదు, మైకు లేదు. తారానగర్‌లో చెప్పినట్టే చెప్పాను. చెవి, ఒడిబియ్యం. డొక్క, ఒడిబియ్యం. వేలు చూపించాను, గోరు మళ్ళీ సరిగ్గా మొలవలేదు. ఒడిబియ్యం. రవికె వెనక లాగి వీపు మొత్తం చూపించాను. ఆ మాట నేను అనలేదని ఆ పిల్లకు చెప్పాను. నువ్వు తప్పు చెప్పలేదు, నేను అబద్ధం చెప్పాను అన్నాను. ఆమె ఒక్క కన్నుతో నన్నే చూస్తోంది. పక్కింటావిడ గొణిగింది, మంచిపని జరిగేటప్పుడు ఈ మాటలేందమ్మా అని. తల్లి మూడో దోసిలి పట్టుకుని అట్లాగే నిలబడిపోయింది. పోయాలో వద్దో తెలియక నా వైపు కాకుండా మా అమ్మ వైపు చూసింది. తల్లులు తల్లుల్నే చూస్తారు.

అమ్మ గడప దగ్గర కూర్చుని ఉంది. లేవలేదు. గొంతు పెంచలేదు.

"నా బిడ్డకి మూడు దఫాలు ఒడి నింపినా," అంది. "మూడు దఫాలూ కొట్టించుకోనీకి నేనే పంపినా. నాలుగో దఫా వీపు కాలితే అది నా కాడికి రాలా. గోడ దూకి ఆస్పత్రికి పోయింది. మొగునికి భయపడి కాదమ్మా. నాకి భయపడి."

ఆ తల్లి చేతుల్లోంచి బియ్యం కొంచెం కొంచెంగా జారి పీట మీద పడుతున్నాయి. ఆమె వంగి కూతురి కొంగులో ఉన్న రెండు దోసిళ్ళనూ చేతుల్తో తోడి పళ్ళెంలో పోసుకుంది. పక్కింటావిడ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. ఒడిలో పడిన బియ్యం తిరిగి తీయకూడదు, పుట్టింటి పొయ్యి మీద అసలు పెట్టకూడదు. ఆమె పళ్ళెం ఎత్తుకుని నేరుగా పొయ్యి దగ్గరికి పోయి, బియ్యం కడిగి, ఎసట్లో పోసింది. తర్వాత వెళ్ళి తలుపు మూసి గడియ పెట్టింది. బయట అల్లుడు కొంతసేపు తలుపు బాదాడు, నోటికొచ్చినట్టు తిట్టాడు, ఒకసారి తన్నాడు. మేడంకు నేను ఫోను చేశాను. సిరుగుప్ప నుంచి పోలీసులను తీసుకుని వస్తున్నానంది. మిద్దె మీంచి పడలేదని వాళ్ళకు చెప్తావా అని పిల్లను అడిగితే తల ఊపింది.

జీపు వచ్చేలోపల అన్నం ఉడికింది. పసుపుతో పచ్చగా ఉంది. దవడ కదలదు కాబట్టి తల్లి దాన్ని మెత్తగా పిసికి, మజ్జిగ కలిపి, వేళ్ళతో కొంచెం కొంచెం ఆ పిల్ల నోట్లో పెట్టింది. మాక్కూడా పెట్టింది. అమ్మ నా పక్కనే కూర్చుని తింటోంది. సగంలో ఆగి, వంకర గోరున్న నా ఎడమచేయి తీసుకుని తన ఒళ్ళో పెట్టుకుంది. తినడం అయ్యేదాకా వదల్లేదు.